చుట్టూ మూడు రోజులు, అడ్డంగా తొమ్మిది రోజులు: కథలోని గుప్పిటసీమకు లెక్క కట్టడం

ప్రశ్న: నేను రాస్తున్న ఫాంటసీ సీరియల్లో గుప్పిటసీమ అని ఒక చోటుంది. లోకం మొత్తం నా కల్పనే. సీమ చుట్టూ తిరిగొస్తే 44 కి.మీ., ఎడ్లబండి మీద మూడు రోజులు. లోపలికి దిగి నేరుగా అవతలికి దాటాలంటే మాత్రం 140 కి.మీ., తొమ్మిది రోజులు. కొందరు పక్కకి తిరగకుండా నడిచినా బయల్దేరిన చోటికే తేలతారు. లోపల అడవి, ఏరు, ఊళ్ళు ఉన్నాయి. ఒక భాగానికీ ఇంకో భాగానికీ పొంతన లేదని చదివేవాళ్ళు అంటున్నారు. ఇది హైపర్బోలిక్ జ్యామితి, అలా రాయమని ఒకరు చెప్పారు. మ్యాపు ఎలా గీయాలి? ఇంకో పాత్ర కుడిఎడమలు తారుమారై బయటికి రావాలి. కుదురుతుందా? ఇప్పటికి రాసిన ఏడు భాగాల రాతప్రతి జతచేశాను.

జవాబు: ముందు ఆ హైపర్బోలిక్ మాట పక్కన పెట్టండి. హైపర్బోలిక్ నేల అంటే కేంద్రం నుంచి దూరం పోయేకొద్దీ చుట్టుకొలత చదునులో కన్నా వేగంగా పెరిగే నేల; మీ సీమకు అది సరిగ్గా తిరగేసిన లెక్క. చదునైన నేల మీద చుట్టుకొలత 44 కి.మీ. ఉంటే అడ్డం 14 కి.మీ. రావాలి. అదే కంచె హైపర్బోలిక్ నేల చుట్టూ వేస్తే లోపల పట్టే నేల చదునులో కన్నా తక్కువ, అడ్డం 14 కన్నా చిన్నది. మీకు కావలసింది పొట్ట పెద్దది, మూతి చిన్నది. హైపర్బోలిక్ నేల దారితప్పే అడవికి పనికొస్తుంది. ఒక్కో మూల దగ్గర ఆరు సమభుజ త్రిభుజాలు కలిస్తే చదును, ఏడు కలిస్తే హైపర్బోలిక్. త్రిభుజాల అంచుల వెంట మొదటి అడుగులో చేరగల కొత్త చోట్లు చదునులో 6, తర్వాత 12, 18, 24, 30. ఏడేసి త్రిభుజాల నేలలో 7, 21, 56, 147, 385. ఐదడుగులు వేసినవాణ్ణి 30 చోట్ల వెతకడానికీ 385 చోట్ల వెతకడానికీ ఉన్న తేడా అది. ఇంకో కథకు దాచుకోండి.

మీ అంకెలకు అచ్చంగా సరిపోయే ఆకారం సంచి. మూతి చుట్టుకొలత 44 కి.మీ. అక్కణ్ణుంచి అదే చుట్టుకొలతతో 59 కి.మీ. పొడవున గొట్టం. దాని కొసన 7 కి.మీ. వ్యాసార్ధం ఉన్న అర్ధగోళం, అంటే సంచి అడుగు. మూతి నుంచి అడుగు మీదుగా అవతలి మూతి అంచుకి 59, 22, 59 కలిపి 140 కి.మీ. రోజుకి 15, 16 కి.మీ. నడిచే బండికి తొమ్మిది రోజులు. మీరు పెట్టిన రెండు అంకెలూ మార్చక్కర్లేదు.

ఒక జాగ్రత్త. లోపలికి పోతున్నవాడు గోతిలోకి దిగడు, కొండా ఎక్కడు. సంచి అన్నది దూరాల లెక్క చూపించే బొమ్మ మాత్రమే. లోపల నేల ఎక్కడికక్కడ సమంగానే ఉంటుంది, బరువు నిలువునా కిందికే లాగుతుంది, నీళ్ళు మీరు పెట్టిన పల్లానికే పోతాయి. "సీమలోకి జారిపోయాడు" లాంటి వాక్యాలు రాతప్రతిలో ఉంటే తీసేయండి. మూతి దాటుతుంటే ఒళ్ళు మెలిపెట్టినట్టవడం కూడా అక్కర్లేదు. మూతి అంచు వంద మీటర్ల వెడల్పులో వంపు తిరిగిందనుకుంటే రెండు మీటర్ల మనిషి ఒంట్లో వచ్చే సాగు పది లక్షల పాళ్ళలో ఆరు పాళ్ళ లోపే.

మ్యాపు బల్లపరుపు కాగితం మీద గీయకండి, బొమ్మ కట్టండి. స్కేలు సెంటీమీటరుకి 2 కి.మీ. ఏ4 కాగితం వెడల్పు 21 సెం.మీ., మీకు 22 కావాలి, కాబట్టి ఏ3 తెచ్చి 23 సెం.మీ. × 29.5 సెం.మీ. ముక్క కోయండి. ఆ అదనపు సెంటీమీటరు అంటించడానికి. చుట్టి అంటిస్తే 7 సెం.మీ. వ్యాసం ఉన్న గొట్టం వస్తుంది. దాన్ని ఒక అట్ట మీద నిలబెట్టి అతికించండి. అట్ట బయటి లోకం, గొట్టం బయటి వైపు గుప్పిటసీమ. గొట్టం కింద కప్పడిపోయిన వృత్తం ఏ లోకంలోనూ లేదు, దాని మీద ఏమీ గీయకండి. పై కొసకి అరబంతి. క్రికెట్ బంతి చుట్టుకొలత 22.4 నుంచి 22.9 సెం.మీ. ఉంటుంది కాబట్టి ఆ సైజు ప్లాస్టిక్ బంతిని సగానికి కోస్తే సరిపోతుంది. అర సెంటీమీటరు తేడా కథకి అడ్డం రాదు.

ఇప్పుడు ఊళ్ళు, ఏరు, అడవి అన్నీ దాని మీదే గీయండి. నేరుగా నడిచే దారి ఎటు పోతుందో తెలియాలంటే మాస్కింగ్ టేపుని 5 మిల్లీమీటర్ల సన్న పట్టీలుగా కోసి, ఎక్కడా ముడత పడకుండా దాని దోవన దాన్ని అంటిస్తూ పొండి. పట్టీ పోయినదే తిన్నని దారి. ముడత పడితే మీరు చేత్తో దారి తిప్పారన్నమాట, అక్కడి దాకా పీకి మళ్ళీ అంటించండి. వెడల్పు టేపు బంతి మీద ముడత పడక మానదు. దారం బిగించి చూద్దామంటే గొట్టం మీదా బంతి మీదా పనిచేస్తుంది గానీ, అట్టా గొట్టమూ కలిసే మూల దగ్గర గాల్లోకి లేచి దారిని తప్పుగా చూపిస్తుంది. ఆ మూల దగ్గర కోణమానిని పెట్టి, అట్ట మీద కేంద్రం వైపు గీతకి పట్టీ ఎంత కోణంలో వచ్చిందో గొట్టం మీద నిలువు గీతకి అంతే కోణంలో ఎక్కించండి.

నేరుగా నడిచినా బయల్దేరిన చోటికే తేలడం అన్న మీ ముడి ఇక్కడ విడిపోతుంది. సరిగ్గా కేంద్రం వైపు అడుగేసినవాడు 140 కి.మీ. నడిచి మూతి అంచున ఎదుటి ద్వారంలో తేలతాడు. ఏటవాలుగా బయల్దేరినవాడు గొట్టం పొడవునా పక్కకి జరుగుతూ పోతాడు. అడుగు దగ్గర అర్ధగోళం ఎవరినైనా సరే సరిగ్గా సగం చుట్టు, అంటే 22 కి.మీ., అవతలికి చేరుస్తుంది. తిరుగు గొట్టంలో మళ్ళీ అదే జరుగుడు. రెండు గొట్టాల్లో కలిపి ఇంకో 22 కి.మీ. జరిగితే మొత్తం 44, అంటే బయల్దేరిన ద్వారమే! దానికి కావలసిన ఏటవాలు పదిన్నర డిగ్రీలు: వంద అడుగులకి పద్దెనిమిదిన్నర అడుగులు పక్కకి. నడక 142 కి.మీ., అదీ తొమ్మిది రోజుల పైచిలుకే. బొమ్మ మీద గొట్టం కింద నుంచి పైకి పోయేసరికి పట్టీ 5.5 సెం.మీ. జరిగేలా అంటించి చూడండి, మొదలైన చోటికే దిగుతుంది.

పదిన్నర కన్నా తక్కువ కోణాలకి ఒక డిగ్రీకి సుమారు 2 కి.మీ. చొప్పున ఎదుటి ద్వారం నుంచి పక్కకి లెక్కేసుకోవచ్చు. ఏ బిడారు ఏ ఊరి దగ్గర బయటపడిందో రాసేటప్పుడు ఈ ఒక్క అంకె చాలు. పాత్రకి తను ఏటవాలుగా బయల్దేరానని తెలియకపోవడంలో వింతేమీ లేదు. సూర్యుడు కనిపించనప్పుడు మనుషులు నేరుగా నడుస్తున్నామనుకుంటూనే గుండ్రంగా తిరుగుతారని జర్మనీ పరిశోధకులు అక్కడి అడవిలోనూ సహారాలోనూ మనుషుల్ని నడిపించి చూసి 2009లో ప్రచురించారు.

మీ పాత్రలకు ఈ వింత ఎలా తెలుస్తుంది? చాలామంది రచయితలు దిక్సూచి గిర్రున తిరిగిందని రాసేస్తారు. దానివల్ల ఎవరికీ ఏమీ తెలియదు. తాడు వాడండి. మూతి అంచున వంద గజాల ఎడంతో ఇద్దర్ని నిలబెట్టి, ఇద్దర్నీ కేంద్రం వైపు నడవమనండి, మధ్యలో తాడు. మామూలు నేలయితే మూడున్నర కిలోమీటర్లు పోయేసరికి ఎడం యాభై గజాలవుతుంది, ఏడు కిలోమీటర్లకి భుజాలు తగులుతాయి. గుప్పిటసీమలో ఏడు కిలోమీటర్లు పోయినా తాడు వంద గజాలకి బిగిసే ఉంటుంది. నాలుగో రోజు 59 కి.మీ. దాటాక, మొట్టమొదటిసారి తాడు సడలడం మొదలవుతుంది. అడుగు దగ్గరపడిందని వాళ్ళకి తెలిసేది అప్పుడే. ఈ ఒక్క దృశ్యం సరిగ్గా రాస్తే చదివేవాడు సీమ ఆకారాన్ని తనే పట్టేస్తాడు.

చతురస్రం నడిపించే పరీక్ష కూడా ఉంది గానీ ఎక్కడ పనిచేస్తుందో చూసుకోవాలి. కొంత దూరం నడిచి, లంబంగా కుడికి తిరిగి, అలా నాలుగుసార్లు. గొట్టం మీద ఇది చక్కగా మూసుకుంటుంది, ఎందుకంటే చుట్టిన కాగితం లోపల్లోపల చదునే. మీ రాతప్రతిలో సర్వే చేసేవాడు గొట్టం భాగంలోనే తేడా పట్టేశాడంటే అది తప్పు. అడుగు మీద మాత్రం భుజం కిలోమీటరు అయితే మొదలుకీ చివరకీ మధ్య 14 మీటర్ల ఎడం వస్తుంది, నాలుగో గీత మొదటి గీతని కోసేసి ముందుకి పోతుంది. భుజం రెట్టింపు చేస్తే ఎడం ఎనిమిది రెట్లు, 115 మీటర్లు. అడుగులు లెక్కపెట్టే మనిషికి 14 మీటర్లు తన పొరపాటే అనిపిస్తుంది. గొలుసు పట్టినవాడికి అనిపించదు. పాతకాలపు సర్వే గొలుసు 66 అడుగులు, అందులో వంద లింకులు. మీ కల్పిత లోకంలోనూ అలాంటిదొకటి పెట్టుకోండి, మంత్రదండం కన్నా ఎక్కువ పని చేస్తుంది.

కోణాలు కొలిచే ఆసామి ఉంటే ఇంకా మంచిది. 1802లో బ్రిటిష్ సర్వేయర్ లాంబ్టన్ మద్రాసు దగ్గర మొదలుపెట్టిన త్రిభుజాల సర్వేలో భూమి గుండ్రదనం వల్ల కోణాల మొత్తం 180 డిగ్రీలు దాటే తేడాని లెక్కలోకి తీసుకోవాల్సి వచ్చింది. కానీ భూమి మీద ఆ తేడా 197 చదరపు కిలోమీటర్ల త్రిభుజానికి ఒక్క సెకను, అంటే డిగ్రీలో 3,600వ వంతు. మీ సంచి అడుగులో ఒక్క చదరపు కిలోమీటరు త్రిభుజానికే డిగ్రీకి పైగా తేలుతుంది. చిన్న దుంగల చట్రం మీద చీలలు కొట్టి చేసిన పనిముట్టుకి కూడా అది దొరుకుతుంది.

అందమైన విషయం బయట ఉంది. సీమను మొత్తం చుట్టుముట్టేలా బయటి చదును నేల మీద పెద్ద త్రిభుజం గీసి కొలిస్తే సరిగ్గా 180 వస్తుంది. మూతి దగ్గర ఒక దిక్కుకి ఉన్న వంపూ, అడుగు దగ్గర రెండో దిక్కుకి ఉన్న వంపూ పూర్తిగా చెల్లుకు చెల్లు. లోపలి వంపు మొత్తాన్ని అంచున కొలిచే కోణాలతో ముడిపెట్టే గౌస్–బానే సూత్రం ప్రకారం బయటివాళ్ళకి కోణాల్లో ఏ జాడా దొరకదు. అందుకే మీ రాజధాని సర్వేయర్లు చుట్టూ కొలిచి, "ఇక్కడ వింతేమీ లేదు, 154 చదరపు కిలోమీటర్ల బీడు" అని నివేదిక పంపొచ్చు. లోపలి అసలు నేల 2,900 చదరపు కిలోమీటర్ల పైమాటే, దాదాపు పందొమ్మిది రెట్లు. ఎకరాల్లో 38 వేలకి శిస్తు రాస్తున్నారు, అసలు ఉన్నది ఏడు లక్షల పైన. కరణం ఎందుకు నోరు మెదపడో మేం చెప్పక్కర్లేదు.

మీ కథలో పెద్ద చిల్లు ఒకటుంది. సైన్యం సీమను దాటడానికి తొమ్మిది రోజులు పట్టింది గనుక యుద్ధం ఓడిపోయిందని ఉంది కదా? చుట్టూ సగం తిరిగితే 22 కి.మీ., రోజున్నర. ఏ సేనాపతీ లోపలి దారి పట్టడు. సీమకు అటూ ఇటూ దాటరాని లోయో, శత్రువుల కోటో పెట్టండి, లేదా వాళ్ళు లోపలి ఊరి కోసమే వెళ్ళారని మార్చండి. ఆకాశం సంగతీ తేల్చుకోండి. ఈ వింత దూరాల లెక్క నేల నుంచి వంద అడుగుల ఎత్తు దాకే ఉంటే, నిచ్చెన ఎక్కి పావురాన్ని వదిలినవాడు మీ తొమ్మిది రోజుల్ని 14 కి.మీ. చేసేస్తాడు. మబ్బులు దాటేదాకా సీమ అలాగే పైకి ఉందని పెట్టడం మేలు.

అలా పెడితే అడవి ఎండిపోతుంది, ఇదీ మీరు చూడనిదే. ఎండ రావాల్సింది 154 చదరపు కిలోమీటర్ల మేర పైనుంచే, పరుచుకోవాల్సింది 2,900 మీద. సగటున పందొమ్మిదో వంతు. అదీ సమంగా పడదు, మూతి దగ్గర వెలుతురు, లోపలికి పోయేకొద్దీ మసక. వానకీ అదే లెక్క. బయట ఏడాదికి 900 మిల్లీమీటర్లు కురుస్తుందనీ, అంత నేలకి దక్కాల్సిన నీరే లోపలికి వచ్చిందనీ అనుకుంటే, అది మన లెక్కలో 4.9 టీఎంసీలు. పందొమ్మిది రెట్ల నేల మీద పరిస్తే 48 మిల్లీమీటర్లు. జైసల్మేర్‌లో కూడా ఇంతకి మూడు రెట్లకి పైనే పడుతుంది. దట్టమైన అడవి కావాలంటే లోపల సొంత వెలుగు, సొంత వేడి పెట్టక తప్పదు. అది పెడితే నీటి బాధ చాలావరకు తీరుతుంది. ఆవిరి బయటికి పోవాలన్నా దారి ఆ మూతే కాబట్టి, లోపలి నీరే మళ్ళీ మళ్ళీ వానగా కురుస్తుంది. వెలుగు వద్దనుకుంటే అడవిని మూతి నుంచి మొదటి కొద్ది కిలోమీటర్లకి కుదించి, లోతట్టు ఊళ్ళని మసక నేల ఊళ్ళుగా మార్చండి. మాకు ఈ రెండోదే నచ్చింది, కానీ మీ ఏడు భాగాలు తిరగరాయాల్సి వస్తుంది.

పొట్ట పెద్దదై మూతి చిన్నదైన చోట గాలి ఊపిరి పీల్చి వదిలినట్టు కదులుతుంది. బయట గాలి పీడనం పడిపోతే లోపలి గాలి బయటికి తోసుకొస్తుంది, పెరిగితే లోపలికి. అమెరికాలో దక్షిణ డకోటాలోని విండ్ కేవ్ గుహకి ఆ పేరు వచ్చింది ఇందుకే. తుఫాను ముందు సీమ మూతి దగ్గర గాలి బయటికి కొడుతుంది, వాతావరణం తేటపడ్డాక లోపలికి. గేటు కాపలావాడికి ఇదొక జోస్యం.

లోపలివాళ్ళ నోట తూర్పు, పడమర అనిపించకండి. గొట్టం వెంట పక్కకి 44 కి.మీ. పోతే బయల్దేరిన గుమ్మానికే వెనక నుంచి వస్తారు, అక్కడ తూర్పుకి అర్థం లేదు. "మూతి వైపు", "అడుగు వైపు", "కుడి చుట్టు", "ఎడమ చుట్టు" అనే నాలుగు మాటలు చాలు. దూరాలకి కోసు వాడతానంటే వాడండి, కానీ కోసు ప్రాంతానికొక తీరుగా ఉండేది, మీ లోకంలో ఒక్క విలువకే కట్టుబడండి.

ఇక కుడిఎడమల తారుమారు. ఇప్పుడున్న సంచిలో ఎంత తిరిగినా అది జరగదు. ఒక మార్పు చేస్తే జరుగుతుంది: అడుగున ఉన్న అర్ధగోళం తీసేసి, గొట్టం కొస అంచు మీద ప్రతి బిందువునీ దాని ఎదుటి బిందువుకి అతికించండి. బొమ్మలో అతికించలేరు గానీ నియమంగా రాసుకోవచ్చు: అంచు మీద ఎక్కడ కాలు పెట్టినా 22 కి.మీ. అవతల అడుగు పడి, మూతి వైపు తిరుగు దారి మొదలవుతుంది. గొట్టం అప్పుడు మోబియస్ పట్టీ అయిపోతుంది, 1858లో మోబియస్, లిస్టింగ్ ఎవరికి వారు కనిపెట్టిన ఆ ఒంటిముఖం పట్టీయే. ద్వారాల లెక్క ఏమీ మారదు, అదే కోణానికి అదే ఊరు. అడ్డం మాత్రం 140 నుంచి 118కి తగ్గుతుంది, ఎనిమిది రోజుల లోపు. కానీ అప్పుడు అతుకు దాటిన ప్రతివాడూ తారుమారవుతాడు, మీ ఒక్క పాత్రే కాదు. ఒక్కడే కావాలంటే అర్ధగోళాన్ని ఉంచి, ఎక్కడో ఒక బావి చుట్టుకొలతంత చోట ఇలాంటి అతుకు పెట్టండి.

తారుమారైనవాడికి తనలో ఏ మార్పూ తెలియదు. లోకమే తిరగబడి కనిపిస్తుంది: అక్షరాలు అద్దంలో రాతలా, మరలు ఎడమకి తిప్పితే బిగుస్తూ. గుండె కుడివైపు ఉండటం పెద్ద చిక్కు కాదు. చిక్కు తిండితో. చాలా అణువులకీ మన చేతుల్లా కుడి, ఎడమ ఆకారాలుంటాయి. మన శరీరంలోని ప్రొటీన్లు ఎడమచేతి అమైనో ఆమ్లాలతో కట్టినవి, అన్నంలోని పిండి కుడిచేతి గ్లూకోజుతో. అతని ఎంజైములు ఇప్పుడు అన్నీ తిరగేసిన ఆకారాలు. బయటి అన్నం తింటే కడుపు నిండుతుంది, ఒంటపట్టదు. నీళ్ళు, ఉప్పు పనికొస్తాయి. అతనితోపాటు అతుకు దాటిన మూట మాత్రం అతనిలాగే తిరగబడింది కాబట్టి అదొక్కటే అసలైన తిండి. మూటలో ఎన్ని రోజుల అటుకులున్నాయో మొదటే రాసి పెట్టుకోండి, అవి అయ్యేలోపు అతను మళ్ళీ లోపలికి వెళ్ళి అతుకుని ఇంకోసారి దాటి రావాలి. రెండోసారి దాటితే కుడి కుడికే వస్తుంది. మూటలో మిగిలిన అటుకులు కూడా అప్పుడు ఎవరైనా తినొచ్చు.